నేను నేర్పిన శవాల నడక

ఉద్యోగం మానేసినా ఏడాదికోసారి జగిత్యాలలో కొత్తగా ఫిజియోథెరపీలో చేరిన పిల్లలతో ఒక పూట గడపమని నన్ను పిలుస్తారు. వెళ్లగానే నేను పెట్టే పరీక్ష ఒక్కటే. "పక్షవాతం వచ్చిన మనిషి ఎట్లా నడుస్తాడో ఒక్కొక్కరే ఈ గోడ నుంచి ఆ గోడ దాకా నడిచి చూపించండి" అంటాను. పోయినసారి పద్దెనిమిది మంది నడిచారు. వాళ్లలో పదిహేడు మందిది ఒకే నడక. ఎడమ చెయ్యి మోచేతి దగ్గర మడిచి పొట్టకు ఆనించుకోవడం, మెడ పక్కకు వాల్చడం, ఎడమ కాలిని అర్ధచంద్రంలా బయటి నుంచి తిప్పి వేయడం, ప్రతి మూడో అడుగుకు ఒక్క క్షణం ఆగడం.

మూడో అడుగుకు ఆగడం అనేది ఏ రోగంలోనూ లేదు. ఏ పుస్తకంలోనూ లేదు. అది ఒక సినిమాలో చచ్చి లేచినవాళ్లు నడిచే నడక. సిరిసిల్లలో మూతబడ్డ మరమగ్గాల షెడ్డులో నలభై ఒక్క మందికి రెండు ఆదివారాలు దాన్ని నేర్పింది నేనే. ఆ పిల్లలకు ఆ సంగతి తెలియదు. సినిమా వచ్చినప్పుడు వాళ్లింకా బడిలో ఉండి ఉంటారు.

పద్దెనిమిదో అమ్మాయి మాత్రం వేరేగా నడిచింది. అడిగితే, "మా తాత గిట్లనే నడుస్తడు మేడమ్" అంది. ఆ అమ్మాయి పేరు నా డైరీలో రాసుకున్నాను.

ఈ వృత్తిలోకి వస్తున్నవాళ్ల కోసం రాయమన్నారు కాబట్టి, నాకు వచ్చిన శాలువాల గురించి, నేను నింపిన రిజిస్టర్ల గురించి రాయను. ఆ నడక గురించి, దానివల్ల నేను చేసిన తప్పు గురించి రాస్తాను.

ఒంట్లోకి తెచ్చుకోవడం

నేను ముప్పై ఒక్క ఏళ్లు ఒక ట్రస్టు వాళ్ల కేంద్రాల్లో పనిచేశాను. వారంలో నాలుగు రోజులు జగిత్యాల, మంగళవారం కోరుట్ల, శుక్రవారం సిరిసిల్ల. ఆదివారం సెలవు.

మొదట నాపైన ఉన్న ఎముకల డాక్టరు చందుర్తి దగ్గర దొరల కుటుంబంలో పుట్టినాయన. మాట కటువు. తప్పు చేస్తే అందరి ముందూ అనేవాడు, ఒప్పు చేస్తే ఏమీ అనేవాడు కాదు. అధికారిగా ఆయన్ని మెచ్చుకోను. చేరిన రెండో నెలలో మేడిపల్లి నుంచి ఒక రైతు మోకాలి నొప్పితో వచ్చాడు. నేను మోకాలికి ఇరవై రోజులు కసరత్తు చేయించాను, ఫలితం లేదు. డాక్టరు వచ్చి నన్ను లేపాడు.

"ఆయన లెక్క నడువు" అన్నాడు.

నడిచాను.

"మళ్ల నడువు. నీ లెక్క కాదు, ఆయన లెక్క."

ఆరోసారి నడిచేటప్పుడు నా మోకాలు నొయ్యలేదు, తుంటి పట్టేసింది. రోగం తుంటిలో ఉంది. అప్పుడాయన, "రోగి నడక నీ ఒంట్లకు రావాలె. వచ్చినంక ఏడ నొస్తదో నీకే ఎరుకైతది" అని వెళ్లిపోయాడు.

ఆ ఒక్క పాఠానికి ఆయన కటువుతనమంతా క్షమించాను. ఆ రోజు నుంచి వచ్చిన ప్రతి రోగి నడకా నేను నడిచాను. ఇంటివాళ్లకు తేడా చూపించడానికి వాళ్ల ముందు కూడా నడిచేదాన్ని. ముఖ్యంగా పక్షవాతం నడక వేలసార్లు నడిచి ఉంటాను. అది నా ఒంట్లో ఎంతగా ఇంకిందంటే, "చూపించు" అంటే చాలు, ఆలోచించకుండానే వచ్చేది. నా తప్పు ఆ ఆలోచించకపోవడంలోనే ఉంది.

నలుపు తెలుపు సినిమా

ఇంతియాజ్‌ది కోరుట్ల, పెళ్లిళ్లకు వీడియో తీస్తాడు. వాళ్ల అమ్మ మోకాళ్లకు నేను ఐదు నెలలు వైద్యం చేశాను. ఒక మంగళవారం మధ్యాహ్నం ల్యాప్‌టాప్ చంకన పెట్టుకొని వచ్చాడు.

"మేడమ్, నేనొక సినిమా తీస్తున్న. చచ్చినోళ్లు లేచి నడుస్తరు. నలభై మంది దొరికిండ్రు గని ఒక్కనికి సుత చచ్చుడు వస్తలేదు. కెమెరా వెట్టంగనే నవ్వుతుండ్రు."

"నేనేం చేయాలె?"

"నడుసుడు నేర్పాలె. నడిపిచ్చుడే గద మీ పని."

ముందు తనకు ఈ పిచ్చి ఎక్కించిన సినిమా చూడమన్నాడు. అదొక పాత విదేశీ సినిమా, నలుపు తెలుపు. చేతిలో పెద్దగా డబ్బులేని కొందరు స్నేహితులు కలిసి తీశారట. ఒక ఇల్లు, లోపల కొందరు బతికున్నవాళ్లు, బయట చచ్చి లేచినవాళ్లు. కథ ఇంతే. దాని తర్వాత ప్రపంచంలో ఇలాంటివి లెక్కలేనన్ని వచ్చాయని, అన్నింటికీ ఇదే తల్లి అని ఇంతియాజ్ చెప్పాడు. నాకు భయం సినిమాలంటే గిట్టదు. పావుగంట చూసి వదిలేద్దామనుకున్నాను.

పావుగంట తర్వాత ఆపమన్నాను. మళ్లీ మొదటి నుంచి, మాటలు వినిపించకుండా పెట్టమన్నాను. కాగితం తీసుకున్నాను.

అందులో శవాలుగా నడిచినవాళ్లు ఎక్కువమంది నటులు కారట. ఆ ఊరివాళ్లు, తెలిసినవాళ్లు. వాళ్లకు ఎవరో నడక నేర్పినట్టు లేదు. ఒకాయన ముందుకు పడిపోతుంటే పాదాలు వెనక నుంచి పరుగున అందుకుంటున్నాయి. ఇంకొకాయన నడుము కదలడం లేదు, భుజాలతో నడుస్తున్నాడు. ఒకామె అడుగులో తప్పేమీ లేదు, కానీ చేతులు ఊగడం లేదు. ఆ ఒక్కటి ఆపితే చాలు, మనిషిలోంచి మనిషి వెళ్లిపోయినట్టు అనిపిస్తుందని నాకు అప్పుడే తెలిసింది. నేను ఇరవై మూడు నడకలు రాసుకున్నాను. రెండు ఒకలా లేవు.

ముప్పై ఏళ్లుగా నేను పుస్తకాల్లో చూసిన బొమ్మల కంటే ఎక్కువ నడక ఆ సినిమాలో ఉంది. ఎక్కడో, ఎప్పుడో, డబ్బుల్లేనివాళ్లు తమ ఊరివాళ్లను పిలిచి ఒక గడ్డి మైదానంలో నడిపిస్తే, ఆ అడుగులు ఇన్నేళ్ల తర్వాత కోరుట్లలో పెళ్లి వీడియోలు తీసే మనిషి దాకా వచ్చాయి. అతని వెంట నా టేబుల్ మీదికి వచ్చాయి.

"నేర్పుత" అన్నాను.

రెండు ఆదివారాలు

షెడ్డులో మగ్గాలు తీసేసి చాలా రోజులైంది. నేల మీద వాటి కాళ్ల గుంతలు మిగిలాయి. నలభై ఒక్క మంది వచ్చారు. మగ్గాల మీద పనిచేసినవాళ్లు, ఆటోలు నడిపేవాళ్లు, బీడీలు చుట్టే ఆడవాళ్లు. ముఖాలకు పిండి, పొయ్యి బూడిద కలిపి పూశారు. నెత్తురు అంటే షర్బత్. ఈగలు ముసురుతుంటే శవాలు విసుక్కుంటూ తోలుకుంటున్నాయి.

"పగటీలి లేస్తయా మీ శవాలు?" అని ఇంతియాజ్‌ని అడిగాను.

"రాత్రి లేపాలంటే లైట్లు కిరాయికి తేవాలె మేడమ్. మనయి గరీబు శవాలు."

ఇక్కడ నేను రెండు తప్పులు చేశాను. వాటిని విడివిడిగా రాస్తున్నాను, ఎందుకంటే మొదటిది చేయకపోతే రెండోది జరిగేది కాదు.

ఆ విదేశీ సినిమాలో ఎవరి నడక వాళ్లది అని కాగితం మీద నేనే రాసుకున్నాను. అయినా షెడ్డులో నలభై ఒక్క మంది నలభై ఒక్క రకాలుగా ఊగుతుంటే నాకు సహించలేదు. నాకు క్రమం కావాలి. అందరికీ ఒకే నడక పెట్టాను. అందరూ కలిసి కదలాలని మూడో అడుగుకు ఒక ఆగుడు కలిపాను. చప్పట్లు కొడుతూ "ఒకటి, రెండు, మూడు, ఆగు" అని నడిపించాను.

ఇక రెండోది. ఆ ఒక్క నడక ఏదై ఉండాలని నేను ఆలోచించలేదు. "మేడమ్, ఒక్కసారి మీరు నడిచి చూపెట్టుండ్రి" అన్నారు, నడిచాను. నా ఒంట్లోంచి వచ్చింది పక్షవాతం నడక. ముప్పై ఏళ్లుగా నా దగ్గరికి వచ్చినవాళ్ల నడకను, దాన్నుంచి బయటపడేయడానికి నేను నేర్చుకున్న నడకను, పిండి పూసుకున్న శవాలకు పంచిపెట్టాను. ఒక్క క్షణం కూడా నా మనసుకు ఏమీ తట్టలేదు.

రెండో ఆదివారం మధ్యాహ్నం మూడింటికి ఇంతియాజ్ కెమెరా పెట్టాడు. రేకుల సందుల్లోంచి ఎండ చారలుగా పడుతోంది. నలభై ఒక్క మంది షెడ్డు ఆ చివర నుంచి బయలుదేరారు. ఈడ్చిన కాళ్ల చప్పుడు, తర్వాత ఆగుడు. మళ్లీ చప్పుడు, మళ్లీ ఆగుడు. వాళ్లందరి పేర్లూ నాకు తెలుసు. నేర్పింది నేనే. అయినా నా రెండు చేతుల మీదా వెంట్రుకలు నిక్కబొడుచుకున్నాయి, రెండడుగులు వెనక్కి వేశాను.

నడక ఊళ్లెక్కింది

సినిమా మొదట కోరుట్లలో ఒక ఫంక్షన్ హాల్లో ఆదివారం మధ్యాహ్నం వేశారు. తర్వాత ఫోన్లలోకి వచ్చింది. దాని పేరు రాయను, ఇక్కడివాళ్లకు తెలుసు. కథ ఎవరికీ సరిగ్గా గుర్తులేదు. నడక మాత్రం ఎవరూ మరిచిపోలేదు.

నెల తిరక్కముందే జగిత్యాలలో ఒక పెళ్లి బరాత్ ముందు పెళ్లికొడుకు స్నేహితులు ఆ నడక నడుస్తూ కనిపించారు. వినాయక నిమజ్జనంలో, బడి వార్షికోత్సవంలో, మేడిపల్లిలో నాట్లు వేసి నడుములు పట్టేసిన ఆడవాళ్ల వరుసలో, అన్ని చోట్లా అదే. మూడు అడుగులు, ఆగుడు. వాళ్లలో ఎవరికీ నా ముఖం తెలియదు, నా చప్పట్ల లెక్క మాత్రం వాళ్ల కాళ్లలో ఉంది. నిజం రాయాలంటే, ఆ రోజుల్లో నాకు గర్వంగా ఉండేది. బస్సు కిటికీలోంచి ఆ నడక కనిపిస్తే మెడ తిప్పి చూసేదాన్ని.

రాజవ్వ రాని శుక్రవారం

రాజవ్వది సిరిసిల్ల, యాభై నాలుగేళ్లు. చిన్నప్పటి నుంచి బీడీలు చుట్టింది. పక్షవాతం ఎడమ పక్కన వచ్చింది. మాట పోలేదు. పోయి ఉంటే ఆ మనిషి బతికేది కాదనుకుంటాను. ఆమెకు కావలసింది ఒక్కటే, మొదటి రోజే చెప్పింది.

"రోడ్డు దాటి బీడీ కార్ఖానాకు నా అంతట నేను పోవాలె డాక్టరమ్మ. గా గుమస్తా మంచి బీడీలను సుత బాగలేవని తీసి పారేస్తడు. నేనుంటే నోరిప్పనిద్దునా వాన్ని? మా కోడలు లత నోరు లేనిది. వాడు పారేస్తే, ఈమె ఏరుకొని ఇంటికి తెస్తది."

అందుకోసం ఆమె నేను చెప్పినదంతా చేసింది. పది మీటర్లు నడవడానికి ఐదో వారంలో తొంభై ఆరు సెకన్లు పట్టింది. పదో వారానికి నలభై ఒకటికి వచ్చింది. ఈ వృత్తిలోకి వచ్చేవాళ్లు గుర్తుపెట్టుకోవాలి: మొదటి ఆరు నెలల్లో వచ్చినంత నడక తర్వాత అంత తేలిగ్గా రాదు. ఆ రోజుల్లో ఒక వారం పోగొట్టుకోవడం చిన్న విషయం కాదు.

పదకొండో వారం శుక్రవారం రాజవ్వ రాలేదు. పన్నెండో వారమూ రాలేదు. నేను ఇంటికి వెళ్లాను. మంచం మీద గోడవైపు తిరిగి పడుకుని ఉంది. లత నాకు కుర్చీ వేసి పక్కన నిలబడింది.

"ఏమైంది రాజవ్వా?"

"ఏం గాలే. సచ్చిన."

లత మెల్లగా చెప్పింది. "బయటకు పోతే పోరగాండ్లు ఎనుక వడుతుండ్రు మేడమ్. 'శవం లేచింది, శవం లేచింది' అని. సినిమాలోల్ల లెక్క నడుస్తున్నదని."

"మా ఇంటాయన సచ్చినప్పుడు సుత గంత మంది రాలే మా ఇంటి ముందటికి" అంది రాజవ్వ గోడవైపే చూస్తూ.

నేను ఆ కుర్చీలో ఎంతసేపు కూర్చున్నానో రాసుకోలేదు. నా డైరీలో లెక్కలేని రోజు అదొక్కటే.

మంగళవారం కోరుట్లలో ఇంతియాజ్ స్టూడియోకు వెళ్లి, ఆ సినిమా తీసేయమన్నాను. అతను విని తల పట్టుకున్నాడు. "నేను తీసేస్త మేడమ్, గిప్పుడే తీసేస్త. గని అందరి ఫోన్లల్ల ఉన్నది. కాళ్లల్ల ఉన్నది. ఏడికెళ్లి తీసేయాలె?" నా ముఖం చూడకుండానే అన్నాడు. "బురా మానకుండ్రి మేడమ్, తప్పనుకోకుండ్రి. నేను మిమ్మల్ని శవాలను అడిగిన. పేషెంట్లను ఇచ్చింది మీరు."

ముప్పై ఒక్క ఏళ్లలో ఏ పై అధికారీ నన్ను అంత సరిగ్గా తిట్టలేదు. అతని ల్యాప్‌టాప్ అడిగి తీసుకున్నాను.

రాజవ్వ చూసిన సినిమా

శుక్రవారం దాకా ఆగకుండా గురువారమే సిరిసిల్ల వెళ్లాను. ముందు చెప్పవలసింది చెప్పాను.

"రాజవ్వా, గా నడక వాళ్లకు నేర్పింది నేనే."

ఆమె ఇటు తిరిగింది. లత చేతిలో చాయ గ్లాసు అట్లాగే ఆగింది.

"నన్ను జూసి నేర్పినవా?"

"లేదు. నీ కంటే ముందు వచ్చినవాళ్లను చూసి."

"అయితే నా నడక నా కాడనే ఉన్నదన్నట్టు" అంది. క్షమించానని అనలేదు. నేనూ అడగలేదు.

ల్యాప్‌టాప్ తెరిచి ఆ పాత విదేశీ సినిమా పెట్టాను. ఎందుకు పెట్టానో అప్పుడు నాకే సరిగ్గా తెలియదు. ఇంతకుముందు కూడా ఎవరో నడిచారు, అది సిరిసిల్లలో పుట్టింది కాదు అని చూపించాలనుకున్నానేమో. ఏడుస్తుందని భయపడ్డాను. ఆమె మంచం మీద లేచి కూర్చుంది.

"గాయన కాలి ఏళ్లు ముందుగాల ఆనిస్తుండు సూడు. మడిమ ఆనాలె ముందు. నువ్వు చెప్పలే నాకు?" అంది. ఇంకాసేపటికి, "గీయనది నడుము పట్టేసింది. గీయనతోని కసరత్ చేపిచ్చేటోల్లు లేరా ఆ దేశంల?"

లత నవ్వు ఆపుకోలేకపోయింది. నేనూ నవ్వాను. రాజవ్వ మాత్రం నవ్వడం లేదు, శ్రద్ధగా చూస్తోంది. నా గదిలో పది వారాలు అద్దం ముందు తన నడక తాను చూసుకున్న మనిషి కళ్లు అవి.

"ఒకలది ఒకల లెక్క లేదు. వీళ్లకు ఎవ్వలు నేర్పిండ్రు?"

"ఎవ్వరూ నేర్పలేదు."

"అందుకే మంచిగున్నది" అంది.

ఆ రోజు సాయంత్రం నాలుగింటికి చేతికర్ర తీసుకుని గల్లీలోకి దిగింది. నేను గడప దగ్గరే నిలబడ్డాను. ఇరవై అడుగులు వేయకముందే వెనక పిల్లలు చేరారు. ఏడుగురు. ముందున్నది వైష్ణవి అని, పదేళ్ల పిల్ల, ఆ గల్లీకి అదే నాయకురాలు. మెడ వాల్చి, కాలు తిప్పి, మూడో అడుగుకు ఆగింది.

రాజవ్వ కూడా ఆగింది. మొత్తం ఒళ్లు తిప్పుకుని వెనక్కి చూసింది.

"ఏయ్ పిల్లా, ఇటు రా. మూడో అడుగుకు ఎందుకు ఆగుతున్నవే? నేనెప్పుడు ఆగిన?"

"సినిమాల ఆగుతరు అవ్వా."

"నేను సినిమానా? నన్ను జేస్తే నన్ను జెయ్. మెడ గంత వాలుస్తనా నేను? రానిదానివి ఎందుకు జేస్తున్నవ్? సక్కగ నేర్చుకొని జెయ్."

పిల్ల ముఖం చిన్నబోయింది. తప్పు చేసిందనిపించుకోవడం వైష్ణవికి అలవాటు లేదు. మర్నాటి నుంచి ఆ పిల్లలు సినిమాను వదిలేసి, రాజవ్వను చేయడం మొదలుపెట్టారు.

పిల్లల లెక్క

ఆ తర్వాత జరిగినది నేను ఏ పుస్తకంలోనూ చదవలేదు. నేను రాజవ్వను వారానికి ఒక్కసారి కొలుస్తాను. వాళ్లు రోజూ చూస్తారు. ఆమెను సరిగ్గా చేయాలంటే సరిగ్గా చూడాలి. పదిహేనో వారం శుక్రవారం ఆమెను కేంద్రానికి తీసుకెళ్లడానికి నేను గల్లీలోకి వెళ్లేసరికి పిల్లల్లో కొట్లాట నడుస్తోంది. ఒకడు కాలు అర్ధచంద్రంలా తిప్పుతున్నాడు.

"గట్ల కాదురా. గది పోయిన వారంది. ఇప్పుడు అవ్వ కాలు తిప్పుతలేదు, లేపుతున్నది" అంటోంది వైష్ణవి.

కేంద్రంలో నడిపించి చూస్తే నిజమే. తుంటితో కాలిని విసరడం తగ్గింది, మోకాలు వంగుతోంది. నా నోట్సులో అప్పటికి ఆ మాట లేదు. ఆ రోజు రాశాను. అప్పటి నుంచి ముందు గల్లీలో వైష్ణవి నడక చూసి, తర్వాత కేంద్రంలో నా గదిలో గడియారం పట్టుకోవడం నాకు అలవాటైంది. పద్దెనిమిదో వారం ఇరవై ఎనిమిది సెకన్లు. ఇరవై రెండో వారం పంతొమ్మిది. ఎగతాళి ఎప్పుడు ఆగిపోయిందో నాకు తెలియదు. నడిచి చూపించడం మాత్రం ఆగలేదు.

వీళ్లను తిట్టి తరిమేద్దామనుకున్నాను మొదట. ఇప్పుడు చెబుతున్నాను: మీరు చదివిన ఏ యంత్రమూ ఆ ఏడుగురి కళ్లంత బాగా చూడలేదు.

ఇరవై ఏడో వారానికి పది మీటర్లు పద్నాలుగు సెకన్లు. కర్ర వదిలేసింది. రాజవ్వ పట్టుబట్టింది. "నా అంతట నేను రోడ్డు మీద పోవచ్చని కాయితం మీద రాసియ్యి. లేకుంటే మా లత నన్ను ఇడ్వది." రాశాను. "ఈమె తోడు లేకుండా రోడ్డు మీద నడవవచ్చు" అని కింద సంతకం పెట్టాను. శుక్రవారం ఉదయం ఆ కాగితం సంచిలో పెట్టుకుని సిరిసిల్లలో దిగాను.

గల్లీ మొదట్లో వైష్ణవి ఎదురైంది.

"ఏదీ, ఈ వారం రాజవ్వను చెయ్యి."

చేసింది. అది దాదాపు మామూలు నడక. ఎడమ మడిమ కొంచెం గట్టిగా ఆనుతోంది, అంతే. నాకు కళ్లు చెమర్చాయి. అంతలో గల్లీ మలుపు వచ్చింది. వైష్ణవి ఎడమ భుజం సున్నపు గోడకు రాసుకుంది. ఆగలేదు, రాసుకుంటూనే మలుపు తిరిగింది.

"గోడ చూసుకోలే?" అన్నాను.

"రాజవ్వ గట్లనే పోతది మేడమ్. గా దిక్కు ఏమున్నదో ఆమెకు ఎరుకనే ఉండది. మొన్న మా సైకిల్‌ను సుత గుద్దింది."

"ఎప్పుడూ గోడకు రాసుకుంటదా?"

"కుడి గోడకు రాసుకోదు. ఎడమ గోడకే."

మెదడుకు కుడివైపు దెబ్బ తగిలినవాళ్లలో కొందరికి కళ్లు బాగానే ఉంటాయి, కానీ ఎడమవైపు అనేది ఒకటుందని మనసు మరిచిపోతుంది. ఇది నేను చదివాను. రెండో వారంలో కాగితం మీద గీతలు గీసి పరీక్ష కూడా పెట్టాను. ఆమె అన్నీ సరిగ్గా గుర్తించింది, నేను టిక్కు పెట్టి మరిచిపోయాను. ఆ తర్వాత ఇరవై ఐదు వారాలు నేను కొలిచినది తిన్నని పది మీటర్లు. నా గదిలో మలుపు లేదు, గోడ లేదు, సైకిల్ లేదు.

ఇంట్లోకి వెళ్లేసరికి రాజవ్వ ఉతికిన చీర కట్టుకుని, బీడీల తట్ట పక్కన పెట్టుకుని కూర్చుని ఉంది. "కాయితం తెచ్చినవా?"

నేను ఆమె ఎడమ భుజం చూశాను. రవిక మీద తెల్లటి సున్నం గీత. లతను అడిగాను, తిండి ఎట్లా తింటుందని.

"సగం ఇడిసిపెడ్తది మేడమ్, ఎప్పుడు ఎడమ దిక్కుదే. ఆకలైతలేదేమో అనుకున్న."

ఆ రోడ్డు నాకు తెలుసు. ఇటు నుంచి దాటేవాళ్లకు మొదటి సగంలో బండ్లు కుడి నుంచి వస్తాయి. రెండో సగంలో ఎడమ నుంచి వస్తాయి. నా సంతకం పట్టుకుని ఆమె ఆ రెండో సగంలోకి నడిచి ఉండేది.

కాగితం ఇవ్వలేదు. ఎందుకో చెప్పాను. రాజవ్వ నమ్మలేదు, మండిపడింది. "ఇరవై ఏడు వారాలు నడిపిచ్చి ఇప్పుడు ఒద్దంటవా? కండ్లు మంచిగనే కనవడుతున్నయి నాకు!"

"వైష్ణవిని పిలువనా? నీ లెక్క నడిచి చూపెడ్తది."

వైష్ణవి వచ్చి, ఇంట్లోంచి గల్లీ మలుపు దాకా నడిచి చూపించింది. రాజవ్వ గడప మీద నిలబడి, తన భుజం సున్నపు గోడకు రాసుకోవడం ఇంకొకరి ఒంటి మీద చూసింది. తన భుజం తడుముకుని, వేళ్లకంటిన సున్నం వైపు చాలాసేపు చూసింది.

ఆ తర్వాత ఆరు వారాలు పట్టింది. నేను చెప్పిన కసరత్తు చిన్నదే: అడుగు వేసే ముందు గడ్డం ఎడమ భుజానికి ఆనేలా మెడ తిప్పాలి, అక్కడ ఏముందో పైకి చెప్పాలి. వైష్ణవి ఎప్పుడూ ఆమెకు ఎడమవైపే నడిచేది. చేతిలో ఏదో ఒకటి పట్టుకుని, "ఏంది చెప్పు అవ్వా" అనేది. చెప్పేదాకా అడుగు వేయనిచ్చేది కాదు. నాకంటే కఠినమైన మనిషి.

ముప్పై మూడో వారం శుక్రవారం, ఉదయం పదకొండుకు ఆరు నిమిషాలు. రాజవ్వ తట్ట కుడి చంకన పెట్టుకుని రోడ్డు అంచున నిలబడింది. తోడు వస్తానంటే లతను కసిరింది. నేను, లత, పిల్లలు ఇటుపక్క నిలబడ్డాం. నా చేతిలో గడియారం ఉంది గానీ నొక్కలేదు. కుడివైపు చూసింది, దిగింది. రోడ్డు మధ్య దాకా వెళ్లి ఆగింది. మెడను ఎడమకు తిప్పింది, గడ్డం భుజానికి ఆనేదాకా. వేములవాడ నుంచి వస్తున్న ఆటో ఒకటి ఉంది. దాన్ని పోనిచ్చింది. ఇంకోసారి తిప్పింది. తర్వాత నడిచింది, మడిమ ముందు, వేళ్లు తర్వాత.

ఆమె మెడ తిప్పినప్పుడల్లా ఇటుపక్కన ఉన్నవాళ్ల మెడలు కూడా తిరిగాయి, రెండుసార్లూ, ఒకేసారి. ఎవరూ చెప్పలేదు. పక్కకు చూసి లెక్కపెట్టాను. పిల్లలు ఏడుగురు, లత ఎనిమిది. తొమ్మిదో మెడ నాది.